డెబ్బై నాలుగడుగుల గేదె

నా జీవితంలో ప్రేమ మాట ఒక్కసారే చెప్పాను. అది గేదెకు చెప్పినట్టుగా ప్రభుత్వం వారు నిర్ణయించి, ముద్ర వేసి, ధ్రువపత్రం ఇచ్చారు. ఇందులో వాదించడానికి ఏమీ లేదు. జరిగింది రాస్తున్నాను.

అప్పుడు టాకీలు వచ్చిన కొత్త. నేను మా ఊరి బడిలో ఐదో తరగతి దాకా చదివాను. ఆ బడిలో ఆరో తరగతి లేదు. ఉత్తరాలు బాగా రాస్తానని ఊళ్లో పేరుండేది. ఆ పేరు పట్టుకుని పట్నం వెళ్లి కోటిలింగం గారి దగ్గర చేరాను. ఆయన ఒక నాటకాల కంపెనీలో హార్మోనియం వాయించేవారు. కంపెనీ మూతపడ్డాక పాత బంగళా ఒకటి అద్దెకు తీసుకుని టాకీల పనిలో దిగారు. పెద్ద టాకీ తీసే తాహతు లేదు. పెద్ద టాకీకి ముందు వేసే రెండు రీళ్ల హాస్యచిత్రం తీద్దామన్నారు. మాటలు నన్ను రాయమన్నారు.

కథ చిన్నది. గోపాలం అనే సోడాలవాడు హోటలాయన కూతుర్ని ప్రేమిస్తాడు. హోటలాయన అతని సోడా తాగుతాడు గాని అతన్ని గుమ్మం ఎక్కనివ్వడు. ఒకనాడు రంగూన్ నుంచి తంతి వస్తుంది. మేనమామ పోయాడు, ఆస్తంతా నీదే అని. గోపాలం పట్టుకోటు తొడుక్కుని మోటారులో దిగుతాడు. హోటలాయన తన పైపంచెతో కుర్చీ తుడుస్తాడు. గోపాలం తోటలో పిల్లను అడుగుతాడు, ఆమె ఒప్పుకుంటుంది. తర్వాత ఆ తంతి వేరే గోపాలానికి రావలసిందని తేలుతుంది. డబ్బు పోతుంది, పిల్ల పోదు. తోట సన్నివేశం వెనకాలే, హోటలాయన పాలకోసం తన గేదెను బతిమాలుకునే ముక్క ఒకటుంది. నవ్వుకోసం పెట్టాం.

గేదె పెంచలయ్య మామది. మాకు దూరపు చుట్టం. మా ఊరినుంచే వచ్చి బంగళా వెనకవీధిలో పాల వ్యాపారం చేసేవాడు. ఆయన కూతురు తాయారు రోజూ పొద్దున బంగళాకు పాలు తెచ్చి పోసేది. ఆరునెలలు గిన్నె పట్టుకుని నిలబడ్డాను. ఒక్క మాటా పెగల్లేదు. చివరికి తనే అడిగింది.

"బావా, మా నాయన ధాన్యం కొట్టు సుబ్బరామయ్య కొడుక్కి నన్నిచ్చేట్టున్నాడు. నువ్వేమన్నా చెప్పదల్చుకుంటే ఇప్పుడే చెప్పు."

"పాలు పలచగా ఉన్నాయి" అన్నాను.

"అది మా నాయన సంగతి. నీ సంగతి చెప్పు."

"రాసిస్తాను."

"నాకు చదువు రాదు గదా!"

"అయితే సినిమాలో రాస్తాను. తోటలో గోపాలం ఒక మాట అడుగుతాడు. అది వాడు అడిగినట్టు కాదు, నేను అడిగినట్టు."

తాయారు పాలచెంబు చంకన పెట్టుకుంది. "సరే. మొదటాటకు మేమందరం వస్తాం, గేదెను చూడకుండా నాయన ఉండలేడు. నీ మాట నచ్చితే ఆ రోజే నాయనతో చెబుతా. నచ్చకపోతే ధాన్యం కొట్టుకు పోతా. మళ్లీ రెండోసారి అడిగేది లేదు, ముందే చెబుతున్నా."

ఆ నాలుగు వాక్యాలు రాయడానికి పదకొండు రోజులు పట్టింది. మిగతా రెండు రీళ్లూ రెండు రోజుల్లో రాశాను.

చిత్రం తీయడం అయింది. గోపాలం వేషం వేసినవాడు ఆ మాట పలికినప్పుడు కోటిలింగం గారు ముక్కు చీదుకున్నారు. ఆ చప్పుడు కూడా రికార్డు కావడంతో మళ్లీ తీయవలసివచ్చింది.

ఇక అనుమతి కావాలి.

బొమ్మలకు ఒక చట్టం ఉండేది. అది మేజిక్ లాంతర్ల కాలంలో రాసింది. చప్పుళ్లకు ఇంకొకటి ఉండేది. అది పెళ్లిబాజాల కోసం, వీధిభజనల కోసం, గ్రామఫోను గొట్టాల కోసం రాసింది. టాకీ వచ్చేసరికి అది మాదంటే మాదని రెండు శాఖలూ కొట్టుకున్నాయి. పైవారు తీర్పు చెప్పారు. బొమ్మ ఒకరిది, శబ్దం ఇంకొకరిది. ఒకరి పరిధిలో ఇంకొకరు తల దూర్చరాదు. దూర్చితే ఉద్యోగం పోతుంది.

మొదట దృశ్య పరీక్షా సంఘం దగ్గరికి వెళ్లాం. అధ్యక్షులు రావు సాహెబు వేదాచలం పంతులు గారు, సభ్యులు నలుగురు. బంట్రోతు ఇత్తడి పళ్లెంలో దూది తెచ్చాడు. అయిదుగురూ చెవుల్లో కుక్కుకున్నారు. తర్వాత ఆట మొదలైంది.

తోట సన్నివేశం రాగానే పంతులు గారు చెయ్యెత్తారు. యంత్రం ఆపారు. తెరమీద గోపాలానికీ పిల్లకూ మధ్య ఎంత దూరముందో బంట్రోతు నిచ్చెనెక్కి గజంబద్దతో కొలిచాడు. నాలుగడుగులు. నిబంధనల ప్రకారం మూడడుగులుంటే చాలు.

"దూరము తృప్తికరముగా నున్నది" అన్నారు పంతులు గారు. "చిన్న తెరలు గల హాళ్లలో ఈ దూరము తగ్గునేమో విచారించవలసియున్నది. అది యటుండనిండు. పెదవులు కదలుచున్నవేమి?"

"పెళ్లి గురించి అడుగుతున్నాడండీ" అన్నాను.

ఆయనకు వినబడలేదు. బంట్రోతు నాకొక పలక ఇచ్చాడు. రాసి చూపించాను.

"అది శబ్దము" అన్నారు ఆయన చదివి. "శబ్దము మా పరిధిలోనిది కాదు. మాకు కనబడునది ఒక యువకుడు, ఒక కన్య, కదలుచున్న పెదవులు. ఏమనుచున్నాడో తెలియనప్పుడు అత్యంత హీనమైనదే యనుచున్నాడని భావించుట ఈ సంఘపు సంప్రదాయము. ఈ దృశ్యము తొలగింపబడవలెను."

అంతలో సభ్యుడొకాయన లేచి నిలబడ్డాడు. ముఖం పాలిపోయింది. ఎడమచెవిలో దూది జారిందనీ, 'సోడా' అన్న మాట తన చెవిన పడిందనీ ఒప్పుకున్నాడు. ఆయన్ను ఆ పూటకు ఇంటికి పంపేశారు. బొమ్మల మీద ఆయన అభిప్రాయం చెడిపోయిందట.

గేదె ముక్కను మాత్రం రెండుసార్లు వేయించుకున్నారు. పశుసంపదను చక్కగా చూపితిరి, ప్రజోపయోగకరమని రాశారు.

మర్నాడు శ్రవణ పరీక్షా సంఘం. దీని అధ్యక్షులు సదాశివయ్య గారు. అంతకుముందు ముప్పయ్యేళ్లు ఏ వీధిలో ఏ వేళకు బాజాలు మోగించవచ్చో నిర్ణయించిన మనిషి. ఇక్కడ కుర్చీలన్నీ తెరకు వీపు పెట్టి వేశారు. సభ్యులందరూ వెనకగోడకేసి చూస్తూ కూర్చున్నారు. ఆ గోడ కంతలోంచి యంత్రం వెలుగు నేరుగా వాళ్ల కళ్లల్లోనే పడుతోంది. ఒక్కరూ చెయ్యి అడ్డం పెట్టుకోలేదు. చెయ్యి అడ్డం పెడితే దాని నీడ తెరమీద పడుతుంది, అది దృశ్యం.

తోట మాట వినబడింది. సదాశివయ్య గారు తల ఊపారు. "మర్యాదగల సంభాషణ. వివాహ ప్రస్తావన ఉన్నది. అంగీకరింపబడినది."

నాకు ప్రాణం లేచొచ్చింది. వెంటనే హోటలాయన గొంతు వినబడింది. "ఇట్టా దగ్గరికి రావే తల్లీ. బెదరకు. కదలకుండా నిలబడు. నీకేం తక్కువ చేశాను? చూడు, ఇరుగుపొరుగు వింటే నవ్విపోతారు."

"ఆపుడు!" అన్నారు సదాశివయ్య గారు. "ఎవరీ వృద్ధుడు? ఎవరినిట్లు లొంగదీయుచున్నాడు?"

"గేదెనండీ" అన్నారు కోటిలింగం గారు.

"గేదె యనుటకు శబ్దములో సాక్ష్యమేమున్నది?"

"చివర్న అరుస్తుందండీ."

"వింటిమి. ఆమె ఏడ్చుచున్నట్లు గ్రహించితిమి."

"అయ్యా, తమరొక్కసారి వెనక్కి తిరిగితే గేదె కనబడుతుందండీ. కొమ్ములున్నాయి."

సభ్యులందరూ ఒక్కసారిగా బిగుసుకుపోయారు. సదాశివయ్య గారు గోడవైపే చూస్తూ నెమ్మదిగా చెప్పారు. "తిరిగి చూచిన క్షణమున మేము దృశ్య సంఘమగుదుము. మమ్ము అధికార దుర్వినియోగమునకు పురికొల్పుచున్నారు. ఈ శబ్దము తొలగింపబడవలెను."

సంగతి ఇక్కడే అర్థం చేసుకోవాలి. చిత్రం తీసినప్పుడు బొమ్మ ఒక రీలు మీద, శబ్దం ఇంకో రీలు మీద ఉంటాయి. ఆఖరున రెంటినీ కలిపి ఒకే ఫిల్ము మీద అచ్చు వేస్తారు. ఇప్పుడు బొమ్మ రీల్లో తోట పోయింది, గేదె మిగిలింది. శబ్దం రీల్లో గేదె పోయింది, తోట మిగిలింది. కోటిలింగం గారు రెంటినీ బల్లమీద పరిచి కొలిచారు. పోయింది అటు డెబ్బై నాలుగడుగులు, ఇటు డెబ్బై నాలుగడుగులు. అంగుళం తేడా లేదు.

"మిగిలిన రెండు ముక్కలు కూడా కోసిపారేద్దామండీ" అన్నాను. నా మాట పోతే పోయింది, ఇంకెలాగో చెప్పుకుందామనుకున్నాను.

దానికీ అనుమతి కావాలన్నారు. సమన్వయాధికారి గారి దగ్గరికి వెళ్లాం. ఆయన చూడరు, వినరు. రెండు సంఘాల కాగితాలు మాత్రం చదువుతారు. అందువల్ల ఎటూ పక్షపాతం లేని మనిషని పేరు.

"దృశ్య సంఘము అంగీకరించిన గేదెను మీరు తీసివేయుదురా?" అని అడిగారు.

"అవునండీ. దాని మాట తీసేశారు గదండీ."

"శ్రవణ సంఘము అంగీకరించిన వివాహ ప్రస్తావనను కూడ తీసివేయుదురా?"

"దాని బొమ్మ తీసేశారండీ."

"అంగీకరింపబడిన అడుగును తొలగించుట, అంగీకరింపబడని అడుగును చూపుటతో సమానమైన అపరాధము. ఆరుమాసముల శిక్ష. రెండు సంఘములును కలిసి ఆమోదించిన చిత్రము ఇది. ఇట్టి అదృష్టము అందరికిని పట్టదు."

"అయ్యా, గోపాలం గొంతు గేదె దగ్గర పలుకుతుందండీ" అన్నారు కోటిలింగం గారు. ఆయన కళ్లల్లో నీళ్లు తిరిగాయి.

"దృశ్యమును శబ్దమును కలిసి యుండవలెనని ఏ చట్టములోనైనను ఉన్నదా? చూపుడు."

లేదు. వెతికాం. ఎవరూ రాయలేదు.

ధ్రువపత్రం వచ్చింది. నేను తాయారుకు ముందే చెప్పేద్దామని వెనకవీధికి వెళ్లాను. పెంచలయ్య మామ అరుగుమీద కూర్చుని గేదె కొమ్ములకు నూనె రాస్తున్నాడు. "ఏరా చెంచురామయ్యా, మా గేదె బాగా పడిందంటనే! ధాన్యం కొట్టోళ్లను కూడా ఆటకు పిలిచాలే. సంబంధం ఆ రోజే ఖాయం చేసేద్దాం, పనిలో పని" అన్నాడు. తాయారు లోపల్నుంచి తొంగి చూసింది. నేను మజ్జిగ తాగి వచ్చేశాను.

మొదటాట మధ్యాహ్నం మూడింటికి. హాలు నిండింది. ముందువరసలో పెంచలయ్య మామ, తాయారు, ఆమె పక్కన ముగ్గురు పిన్నమ్మలు. వాళ్ల వెనక ధాన్యం కొట్టు సుబ్బరామయ్య, ఆయన కొడుకు. నేను స్తంభం చాటున నిలబడ్డాను.

తంతి వచ్చింది. పట్టుకోటు వచ్చింది. మోటారు వచ్చింది. జనం బాగానే నవ్వుతున్నారు. గోపాలం తోటవైపు నడిచాడు. తెర ఒక్క కుదుపు కుదిపి గేదె కనబడింది.

"మాదే! మాదే అది!" అని మామ లేచి నిలబడ్డాడు.

తెరమీద గుబురుమీసాల హోటలాయన గేదె మెడ నిమురుతూ నోరు తెరిచాడు. అందులోంచి ఇరవై ఏళ్ల గోపాలం గొంతు వచ్చింది.

"డబ్బొచ్చిందని అడగడం లేదు. సోడాలు కొట్టే రోజుల్లోనే అడగాలనుకున్నాను, నోరు రాలేదు. నువ్వు పక్కనుంటే నాకూ ఒక ఇల్లున్నట్టుంటుంది. నన్ను పెళ్లి చేసుకుంటావా?"

గేదె నెమరు ఆపింది. తల తిప్పి ఆయనకేసి చూసింది. కోటిలింగం గారు ముచ్చటపడి దాని ముఖాన్ని దగ్గరగా తీయించారు, అది ఇప్పుడు తెరనిండా వచ్చింది. దవడ కదిలింది. ఆడపిల్ల గొంతు, మెత్తగా:

"ఇంత ఆలస్యంగానా అడగడం?"

నేను మనుషులు నవ్వడం చూశాను. అలా నవ్వడం మాత్రం అంతకుముందు లేదు, తర్వాతా లేదు. జనం కుర్చీల్లోంచి జారిపోయారు. టిక్కెట్లు చింపేవాడు తలుపు వదిలి లోపలికొచ్చాడు. యంత్రం ఆపి మళ్లీ వెయ్యమని గోల. మళ్లీ వేశారు. మూడోసారి కూడా వేశారు. అసలు టాకీ ఆ పూట మొదలు కాలేదు. ఎవరూ అడగలేదు.

తాయారు పమిట నోట్లో కుక్కుకుని పిన్నమ్మ ఒళ్లో పడి నవ్వుతోంది. చూశాను. నాకు అయిపోయిందనిపించింది.

బయట వరండాలో మామ చుట్టూ జనం. గేదె పేరేమిటి, ఏం మేత వేస్తావు, ఎన్ని ఊళ్ల భాషలు మాట్లాడుతుంది అని అడుగుతున్నారు. సుబ్బరామయ్య వాళ్లను తోసుకుంటూ వచ్చాడు.

"పెంచలయ్యా, సంబంధం ఖాయం. పిల్లతోపాటు ఆ గేదెను కూడా మా ఇంటికి తోలెయ్యాల."

"గేదెనా?" అన్నాడు మామ.

"మరి! ఊరంతా దాన్ని చూడ్డానికి మా కొట్టు ముందుకే వస్తుంది. మాకు లాభం గదా."

మామ ఆయన్ను కిందనుంచి మీదికి చూశాడు. "సుబ్బరామయ్యా, పిల్లనైతే ఇస్తానన్నా గాని, గేదెనిస్తానని ఎప్పుడన్నా అన్నానా? నోరు అదుపులో పెట్టుకో."

"గేదె లేకుంటే సంబంధమూ లేదు."

"లేకపోతే మానె. పొయ్యి నీ బస్తాలు కుట్టుకోపో!"

వాళ్లు వెళ్లిపోయారు. ఆ గలాటాలో తాయారు స్తంభం దగ్గరికి వచ్చింది. నవ్వి నవ్వి కళ్లు ఎర్రబడ్డాయి. ఎక్కిళ్లు కూడా వస్తున్నాయి.

"ఆ అడిగింది నువ్వేనా బావా?"

"నేనే. అయితే అది అట్లా కాదు, అసలు తోటలో..."

"ఉండు. ఇల్లున్నట్టుంటుందన్నావే, అదీ నువ్వేనా?"

"నేనే."

ఆమె ముఖం కొంచెం మారింది. మారి, ఏదో చెప్పబోయింది. అప్పుడే లోపల నాలుగోసారి వేసినట్టున్నారు, హాలు మళ్లీ గొల్లుమంది. తాయారు కూడా పగలబడి నవ్వింది. "ఆ నోరులేని గేదే ఒప్పుకుందయ్యా, నేను కాదంటే ఏం బాగుంటుంది?" అని వాళ్ల నాయన దగ్గరికి పోయింది.

ఇరవై రోజుల్లో పెళ్లయింది.

చిత్రం ఎనిమిది నెలలు ఆడింది. ఆ విజయం మాదంటే మాదని రెండు సంఘాలూ పత్రికలకు ప్రకటనలిచ్చాయి. తర్వాత సమన్వయాధికారి గారు ఒక ఉత్తర్వు వేశారు. 'ఇకమీదట ప్రతి చిత్రమునందును, ప్రతి ప్రేమ సన్నివేశమునకు వెనువెంటనే, అంతే పొడవుగల జంతు సన్నివేశము విధిగా నుండవలెను' అని. పట్నంలో టాకీలు తీసేవాళ్లంతా పశువుల కోసం పరుగులు పెట్టారు. ఒక విషాద చిత్రంలో నాయిక కన్నీళ్లతో వీడ్కోలు చెబుతుంటే తెరమీద మేక గడ్డి తిన్నది. ఒక భక్తి చిత్రంవాళ్లు తమ దగ్గర ప్రేమ లేదు గనక జంతువు అక్కర్లేదని వాదించారు. భక్తి కూడా ప్రేమేనని తీర్పు వచ్చింది, ఏనుగును అద్దెకు తెచ్చారు.

పెంచలయ్య మామ గేదెకు నెలలో ఇరవై రోజులు షూటింగు. మామ పాల వ్యాపారం మానేసి పట్టుకోటు కుట్టించుకున్నాడు. దాని మేత గురించి అడగడానికి మోటార్లలో మనుషులు వచ్చేవారు. వాళ్లకోసం మామ తన పైపంచెతో కుర్చీలు తుడిచేవాడు. నన్ను గేదె మాటలు రాసేవాడని పిలిచేవారు. రెండేళ్లు ఓర్చుకుని, తాయారును తీసుకుని మా ఊరికి తిరిగొచ్చేశాను. మళ్లీ ఉత్తరాలు రాసుకున్నాను.

నలభై మూడేళ్లు కాపురం చేశాం. ఆ మాట నా సొంత నోటితో ఒకసారి చెబుదామని చాలాసార్లు మొదలుపెట్టాను. "తాయారూ, నువ్వు పక్కనుంటే..." అనేవాణ్ణి. అంతే, ఆమె దవడ ఆడించి నెమరు వేసినట్టు చేసేది. ఇద్దరు కోడళ్లకూ నేర్పింది. ఆఖరి జబ్బులో మంచం మీద ఉన్నప్పుడు కూడా మొదలుపెట్టాను. నవ్వడానికి ఓపిక లేదు. దవడ మాత్రం ఆడించింది. ఇది జరిగి ఆరేళ్లు.

మొన్న వేసవిలో పాత చిత్రాలను కాపాడే కార్యాలయం ఒకటి నాకు ఉత్తరం రాసింది. కోటిలింగం గారి మనవడి అటకమీద డబ్బాలు దొరికాయట. కోసేసిన ముక్కలు కూడా వాటిలో ఉన్నాయట. తప్పులు దిద్ది, మీరు రాసింది రాసినట్టుగా పునరుద్ధరించాం, దయచేసి రావలసింది అని.

వెళ్లాను. చల్లని గది. పన్నెండుమంది కూర్చున్నారు. తోట సన్నివేశం వచ్చింది. గోపాలం పిల్ల పక్కన నిలబడి నా నాలుగు వాక్యాలూ పలికాడు. పెదవులకూ మాటకూ వెంట్రుకవాసి తేడా లేదు. పిల్ల జవాబు చెప్పింది. ఎవరూ నవ్వలేదు. ఒకాయన గడియారం చూసుకున్నాడు. తర్వాత గేదె వచ్చి గేదెలా అరిచింది.

దీపాలు వేశాక ఆ కుర్ర అధికారి నా దగ్గరికొచ్చాడు. "ఎలా ఉంది తాతగారూ? యాభై ఏళ్ల తర్వాత మీకు న్యాయం జరిగింది."

"పాతది వెయ్యి" అన్నాను.

"అర్థం కాలేదండీ."

"గేదె మాట్లాడేది. అది వెయ్యి."

"అది దోషపూరితమైన ప్రతి అండీ. సరైన ప్రతి తయారయ్యాక దోషప్రతిని ఉంచకూడదని నిబంధన. పైగా అది మంటలంటుకునే ఫిల్ము. పోయిన నెలే పద్ధతి ప్రకారం ధ్వంసం చేశాం." అని నాకొక కాగితం చూపించాడు. ముద్ర ఉంది. సంతకాలు రెండున్నాయి.

శాలువా తెచ్చారు. కప్పనివ్వలేదు. బస్సెక్కి ఇంటికొచ్చాను.

మనవలు అడుగుతున్నారని ఈ కాస్తా రాశాను. చదువుకోండి. నన్ను మాత్రం దీని గురించి అడగవద్దు. నేను మాట్లాడను.